కోర్టు రిసీవర్ తలుపు తడితే: మీ స్వాధీనం కాపాడుకోవడం ఎలా?

అన్నదమ్ముల పంపకాల దావా, భాగస్తుల మధ్య చెడిన రైసు మిల్లు, వాటాల గొడవలో పడిన సినిమా హాలు, నాలుగు దుకాణాల అద్దెలొచ్చే పాత మేడ. ఇలాంటి ఆస్తి మీద కేసు నడుస్తుండగా ఒకరే ఆదాయమంతా తినేస్తున్నారనో, చెట్లు కొట్టి అమ్మేస్తున్నారనో కోర్టుకు అనిపిస్తే ఆస్తిని తన చేతిలోకి తీసుకుని ఒక మనిషికి అప్పగిస్తుంది. ఆయనే రిసీవర్. చాలాసార్లు అదే కోర్టులో ప్రాక్టీసు చేసే లాయరే ఉంటారు. పోట్లాట వాదికీ ప్రతివాదికీ అయినా, దెబ్బ మాత్రం తరచూ మధ్యలో ఉన్న కిరాయిదారుకో, కౌలు రైతుకో, పక్క సర్వే నంబరు వాళ్లకో తగులుతుంది. ఈ వ్యాసం ముఖ్యంగా వాళ్ల కోసం. దావాలో పక్షకారులైన వాళ్లకు పనికొచ్చేవీ ఉన్నాయి, అవి తర్వాత చెబుతాను.

ముందు వచ్చిందెవరో తేల్చుకోండి

నల్లకోటు వేసుకుని, చేతిలో ఫైలుతో వచ్చిన ప్రతి ఒక్కరూ రిసీవర్ కాదు. మనవాళ్లు అందర్నీ కలిపి ‘కోర్టోళ్లు’ అనేస్తారు గానీ, ఎవరొచ్చారన్న దాన్ని బట్టే మీరు పరుగెత్తాల్సిన చోటు మారిపోతుంది.

అడ్వకేట్ కమిషనర్ అయితే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 26 కింద వచ్చి ఉంటారు. చూసి, కొలిచి, ఫొటోలు తీసి, రిపోర్టు రాసి వెళ్లిపోతారు. మిమ్మల్ని ఖాళీ చేయమనే అధికారం ఆయనకు లేదు. రిసీవర్ ఆర్డర్ 40 కింద వస్తారు. ఉత్తర్వులో ఉంటే స్వాధీనం తీసుకోవచ్చు, అద్దెలు వసూలు చేయవచ్చు, ఆస్తి తరఫున కేసులు వేయవచ్చు. అమీనా (కోర్టు ఉత్తర్వులు అమలు చేసే ఉద్యోగి) వచ్చాడంటే డిక్రీ అయిపోయి, దాన్ని అమలు చేయమనే పిటిషన్ (ఇ.పి.) నడుస్తోందన్నమాట, అతని చేతిలో ఉండేది డెలివరీ వారంటు.

ఇంకో రకం ఉంది. బ్యాంకు అప్పు కింద సర్ఫేసీ చట్టం సెక్షన్ 14 ఉత్తర్వుతో కూడా అడ్వకేట్ కమిషనరే రావచ్చు. పేరు ఒకటే, కథ పూర్తిగా వేరు. ఆ వ్యవహారంలో సివిల్ కోర్టుకు వెళ్లి లాభం లేదు, సెక్షన్ 34 తలుపు మూసేసింది. 45 రోజుల్లోగా డెట్ రికవరీ ట్రిబ్యునల్‌కు వెళ్లాలి. మన రాష్ట్రాల వాళ్లకు అవి హైదరాబాద్‌లో, విశాఖపట్నంలో ఉన్నాయి. మీ సమస్య అదైతే ఇక్కడితో చదవడం ఆపి, ఆ పని చూసే లాయర్ని పట్టుకోండి.

ఉత్తర్వు కాపీ అడిగి, అక్షరం అక్షరం చదవండి

‘సార్, ఆర్డరు కాపీ చూపించండి’ అని అడగడంలో తప్పేమీ లేదు. సక్రమంగా వచ్చిన రిసీవర్ ఎవరూ దానికి చిరాకు పడరు. చూడాల్సినవి నాలుగు: దావా నంబరు, ఐ.ఏ. (దావా నడుస్తుండగా వేసే మధ్యంతర పిటిషన్) నంబరు, ఆస్తి షెడ్యూలు, రిసీవర్‌కు ఇచ్చిన అధికారాలు.

ఈ అధికారాల దగ్గరే జనం బోల్తా పడతారు. ‘అద్దెలు వసూలు చేసి కోర్టులో జమ చేయాలి’ అని మాత్రమే ఉన్న ఉత్తర్వు పట్టుకుని, మీకు గిట్టని పార్టీ మనుషులు వెంట వచ్చి ‘రిసీవర్ గారొచ్చారు, తాళాలివ్వండి’ అని హడావుడి చేస్తారు. తాళాల మాట ఉత్తర్వులో లేకపోతే ఇవ్వక్కర్లేదు. కోర్టు ఎంత అధికారం రాసిచ్చిందో అంతవరకే రిసీవర్ అధికారం. ఆయన సొంతంగా దాన్ని పెంచుకోలేరు.

తర్వాత షెడ్యూలు. సర్వే నంబరు, సబ్ డివిజన్, విస్తీర్ణం, నాలుగు హద్దులు మీ దస్తావేజుతో పోల్చి చూడండి. దావాలో ఉన్నది 112/2, మీది 112/3 అయివుండొచ్చు. లేదా నంబరు ఒకటే అయినా తూర్పు హద్దు తేడా ఉండొచ్చు. పొలాల కేసుల్లో సగం గొడవ ఇక్కడే పుడుతుంది. హైదరాబాద్ వాళ్లకు ఇది కొత్తగా చెప్పక్కర్లేదు. నిజాం కాలం నాటి ‘పైగా’ నవాబుల కుటుంబ ఆస్తుల మీద 1958 నాటి సి.ఎస్. 14 కేసులో రిసీవర్ కమ్ కమిషనర్లను వేశారు. హఫీజ్‌పేట, హైదర్‌నగర్ లాంటి చోట్ల ఆ దావాతో సంబంధం లేదనుకున్న వాళ్లంతా ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిరగాల్సి వచ్చింది. ఆ వ్యవహారంలో సుప్రీంకోర్టు తీర్పు 2023 జూన్‌లో వచ్చింది.

కాపీ చేతికివ్వకపోతే ఫొటో తీసుకోండి. అదీ కుదరకపోతే దావా నంబరు రాసుకుని ఈకోర్ట్స్ యాప్‌లో వెతకండి. 16 అక్షరాల సీఎన్ఆర్ నంబరు దొరికితే వాయిదాలన్నీ ఫోన్‌లోనే కనిపిస్తాయి. అదే రోజు లాయరుతో కాపీ అప్లికేషన్ వేయించండి. సర్టిఫైడ్ కాపీ లేకుండా తర్వాతి పనులేవీ సాగవు.

ఆ రోజు గుమ్మం దగ్గర

అన్నిటికన్నా టెన్షన్ పెట్టే ఘట్టం ఇదే. ముందుగా చేయకూడనివి. చేయి చేసుకోవద్దు. గేటుకు అడ్డంగా ఆడవాళ్లనో ముసలివాళ్లనో కూర్చోబెట్టవద్దు. రిసీవర్ వేసిన తాళం పగలగొట్టవద్దు. రిసీవర్ స్వాధీనమంటే కోర్టు స్వాధీనమే. దానికి అడ్డుపడితే కోర్టు ధిక్కారం. 1971 చట్టం ప్రకారం ఆరు నెలల దాకా జైలు, 2,000 రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. శిక్ష సంగతి అలా ఉంచండి, అంతకంటే పెద్ద నష్టం ఇంకోటుంది. రేపు మీరు న్యాయం అడగాల్సింది అదే జడ్జి దగ్గర. ‘వీళ్లు గొడవ చేశారు, పోలీసు సాయం ఇప్పించండి’ అని రిసీవర్ రిపోర్టు పెట్టాక, మీ కాగితాలు ఎంత గట్టివైనా మొదటి చూపులోనే మీరు తగ్గిపోతారు.

ఇక చేయాల్సింది. మీ బలమంతా ఆ రోజు రాసే పంచనామాలోనే ఉంటుంది. అందులో మూడు సంగతులు రాయించండి: అక్కడ వాస్తవంగా ఎవరున్నారు, ఎప్పటి నుంచి, ఏ హక్కుతో ఉన్నామంటున్నారు. ‘ఆస్తి స్వాధీనం చేసుకోవడమైనది’ అని ఒక్క వాక్యంతో ముగించబోతే మర్యాదగా ఆపి, ‘అయ్యా, ముందు వాటాలో దుకాణం నేను నడుపుతున్నానని, సరుకంతా నాదని కూడా రాయండి’ అనండి. దుకాణమైతే ఫ్రిజ్, కాటా, బీరువా, బస్తాలు, గల్లా పెట్టెలోని నగదు విడివిడిగా ఎక్కాలి. మిల్లయితే మోటార్ల మీది నంబర్లు, ధాన్యం ఎవరెవరిది ఎన్ని బస్తాలో. పొలమైతే ఏ పంట, ఏ దశలో ఉంది, ఎవరు వేశారు. కరెంటు మీటరు రీడింగు మరిచిపోవద్దు. మీవైపు నుంచి ఎవరో ఒకరు మొదటి నుంచి చివరిదాకా వీడియో తీస్తూ ఉండాలి, మాటలు మాత్రం కలపకుండా.

సంతకం అడిగితే మొత్తం చదివాకే పెట్టండి. కింద సొంత చేతివ్రాతతో ఇలా రాయవచ్చు: ‘ఈ ఆస్తి నా స్వాధీనంలో ఉంది. నా అభ్యంతరానికి లోబడి సంతకం చేస్తున్నాను.’ తేదీ, టైము వేయండి. రాయనివ్వకపోతే సంతకం మానేసి, అదే సాయంత్రం రిసీవర్‌కు స్పీడ్ పోస్టులో అభ్యంతరం పంపండి. తెల్ల కాగితం మీద సంతకం మాత్రం ఎంత పెద్దమనిషి అడిగినా వద్దు.

చట్టం దృష్టిలో మీరెవరు?

ఇప్పుడు కాస్త కుదురుగా కూర్చుని ఆలోచించాల్సిన సంగతి. ఆర్డర్ 40 రూల్ 1 మొదటి భాగం కోర్టుకు పెద్ద అధికారమే ఇస్తుంది. ఆస్తిలో ఎవరున్నా తీసేసి రిసీవర్‌కు అప్పగించవచ్చు. అయితే దాని కిందే రెండో ఉపనియమం ఒకటుంది. కోర్టు హాళ్లలో దాన్ని మొదట చదివేవాళ్లు తక్కువ. దావాలోని పార్టీల్లో ఎవరికైనా మిమ్మల్ని ఇప్పటికిప్పుడు ఖాళీ చేయించే హక్కు ఉంటేనే కోర్టు కూడా మిమ్మల్ని తీయగలదు. వాళ్లకు లేని హక్కు రిసీవర్ రూపంలో పుట్టుకురాదు. దావాలో పేరు లేని మూడో మనిషికి ఇదే ఊతం.

కిరాయిదారు సంగతి చూడండి. అద్దె ఒప్పందం నడుస్తోంది, అద్దె కడుతున్నారు. యజమాని అయినా మిమ్మల్ని రేపు పొద్దున ఖాళీ చేయించలేడు. అలాంటప్పుడు రిసీవర్ మీ దగ్గర అద్దె తీసుకోవాలే తప్ప దుకాణానికి తాళం వేయకూడదు. గడువు తీరి, నోటీసు కూడా అందుకున్న కిరాయిదారుకు ఈ ధీమా ఉండదు.

ఆస్తి పూర్తిగా మాదే, ఈ దావా పార్టీలతో మాకు సంబంధమే లేదు అనేవాళ్లకు స్థానం ఇంకా గట్టిది.

కొనుక్కున్నవాళ్లు తేదీ చూసుకోవాలి. దావా పడ్డాక ఆ పార్టీల్లో ఎవరి దగ్గరైనా కొంటే, ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 52 ప్రకారం ఆ కేసు ఫలితానికి మీరూ కట్టుబడాల్సిందే. రిజిస్ట్రేషన్ అయింది కదా, ఈసీలో ఏమీ కనబడలేదు కదా అనే వాదన నిలవదు. అగ్రిమెంటు మీద స్వాధీనం తీసుకుని ఉన్నవాళ్లు ఇంకో తేదీ గుర్తుంచుకోవాలి: 2001 సెప్టెంబరు 24 తర్వాత రాసుకున్న అగ్రిమెంటు రిజిస్టర్ కాకపోతే సెక్షన్ 53ఏ రక్షణ దొరకదు.

అదే కోర్టులో పిటిషన్ వేయండి, వేరేచోట కాదు

కంగారులో చేసే పెద్ద తప్పు, రిసీవర్ మీద వేరే కోర్టులో ఇంజంక్షన్ దావా వేయడం. రిసీవర్‌ను వేసిన కోర్టు అనుమతి లేకుండా ఆయన మీద దావా వేయకూడదు. ఎవరెస్ట్ కోల్ కంపెనీ కేసులో 1977లో సుప్రీంకోర్టు కాస్త మెత్తబడి, అనుమతి ముందే తీసుకోకపోయినా కేసు నడుస్తుండగా తీసుకుంటే ఆ లోపం సరిదిద్దుకున్నట్టేనంది. కానీ దాన్ని నమ్ముకుని బయల్దేరడం ఎందుకు? రిసీవర్‌ను వేసిన కోర్టులోనే ఐ.ఏ. వేస్తే సరిపోతుంది. పోలీస్ స్టేషన్‌కు పోయి ‘రిసీవర్ మా దుకాణం ఆక్రమించాడు’ అని కంప్లయింటు ఇవ్వడం కూడా పనికిరాని తిరుగుడే.

పిటిషన్ సారం ఇలా ఉంటే చాలు, లాయరు గారు భాష సరిచేసుకుంటారు:

‘నేను ఈ దావాలో పక్షకారుణ్ని కాను. షెడ్యూలులోని 3వ ఐటం దుకాణంలో దావా వేయక ముందు నుంచీ కిరాయిదారుగా స్వాధీనంలో ఉన్నాను. నన్ను ప్రస్తుతం ఖాళీ చేయించే హక్కు వాదికి గానీ ప్రతివాదులకు గానీ లేదు. కాబట్టి రిసీవర్ నా స్వాధీనానికి భంగం కలిగించకుండా, నా నుంచి అద్దె మాత్రం వసూలు చేసుకునేలా ఆదేశించ ప్రార్థన.’

ఇప్పటికే తాళం వేసేసి ఉంటే, స్వాధీనం తిరిగి ఇప్పించమని కోరాలి. లోపల పాడయ్యే సరుకుంటే దానికోసం విడిగా అర్జంటు పిటిషన్ పెట్టండి. కూరగాయలు, మందులు, విత్తనాలు లాంటివి లోపల ఉన్నాయంటే జడ్జిలు సాధారణంగా త్వరగానే వింటారు.

దీనికి జత చేసే కాగితాల్లో ప్రాణం దావా తేదీకి ముందువాటిలోనే ఉంటుంది. నిన్న తయారుచేసిన అద్దె ఒప్పందం కన్నా మూడేళ్ల కిందటి కరెంటు బిల్లు మేలు. ఇంటి పన్ను రసీదు, నల్లా బిల్లు, గ్యాసు పుస్తకం, ట్రేడ్ లైసెన్సు, చిరునామా ఉన్న జీఎస్టీ సర్టిఫికెట్, నెలనెలా అద్దె పంపిన ఫోన్‌పే లేదా బ్యాంకు స్టేట్‌మెంటు, ఇవన్నీ పనికొస్తాయి. రైతులైతే పాసు పుస్తకం, 1బి, అడంగల్ లేదా పహాణీ. ఆంధ్రప్రదేశ్‌లో ఈ-పంట నమోదు. కౌలు రైతుకు పంట సాగుదారు హక్కు పత్రం ఉంటే అది. లేదంటే ధాన్యం అమ్మిన కొనుగోలు కేంద్రం రసీదు. హద్దుల దగ్గర తేడా ఉంటే సర్వేయరుతో కొలిపించడానికి అడ్వకేట్ కమిషనర్‌ను వేయమని అడగండి. మాటల్లో వారాల తరబడి తేలనిది గొలుసు పట్టుకుంటే ఒక పూటలో తేలుతుంది.

లాయరు ఫీజు భారమైతే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి, లేదా 15100కు ఫోన్ చేయండి. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది.

అద్దె ఎవరికి కట్టాలి? పంట ఎవరు కోయాలి?

రిసీవర్ నోటీసు అందిన రోజు నుంచి అద్దె ఆయనకే. ‘మన మధ్య ఇన్నేళ్ల స్నేహం, నాకే ఇవ్వు తమ్ముడూ’ అని పాత ఓనరు అడిగినా ఇవ్వకండి. ఇస్తే రెండోసారి కట్టాల్సి రావచ్చు. రసీదు లేకుండా నగదు ఇవ్వవద్దు. రిసీవర్ రసీదు ఇవ్వడానికి వెనకాడితే కోర్టులో జమ చేయడానికి అనుమతి అడగండి. అడ్వాన్సు ఓనరు దగ్గర ఎంత ఉందో మొదటి ఉత్తరంలోనే రిసీవర్‌కు తెలియజేయండి. తర్వాత చెబితే ఎవరూ నమ్మరు.

పంట విషయంలో ఆలస్యం పనికిరాదు. వరి కోతకొచ్చాక వాయిదాల కోసం ఆగదు, మామిడికాయ అసలే ఆగదు. కోనసీమ కొబ్బరి తోటలో దింపు ఆపేస్తే కాయలు రాలి ఎవరికీ కాకుండా పోతాయి. అందుకే కౌలుదారు సొంత ఖర్చుతో కోసి, లెక్క చూపి, వివాదంలో ఉన్న భాగం సొమ్మును కోర్టులో జమ చేసేలా ఉత్తర్వు అడగడం మంచిది. రిసీవర్ వేలం పెట్టాలనుకుంటే వేలం తేదీ మీకూ తెలియజేయమని, ఆ పాటలో మీరూ పాల్గొనే వీలు ఇమ్మని కోరండి. రిసీవర్ తనంతట తాను కొత్త వాళ్లకు దీర్ఘకాలం లీజు రాసిచ్చేస్తే, కోర్టు అనుమతి ఎక్కడని అడగండి.

మీరు దావాలో పార్టీ అయితే

ప్రతివాదిగా ఉండి, రిసీవర్ కోసం ఎదుటివాళ్లు పిటిషన్ వేస్తారని అనుమానముంటే ముందే సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 148ఏ కింద కేవియట్ (నా మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వవద్దనే ముందస్తు అర్జీ) వేసి ఉంచండి. అది 90 రోజులు పనిచేస్తుంది. కౌంటర్ రాసేటప్పుడు మద్రాసు హైకోర్టు 1955 నాటి కృష్ణస్వామి చెట్టి తీర్పును వదలవద్దు. అందులో రిసీవర్ నియామకానికి ఐదు సూత్రాలు చెప్పి, వాటికి ‘పంచ సదాచార్’ అని పేరు పెట్టారు. ఇవాళ్టికీ మన కోర్టుల్లో అదే ప్రమాణం. రిసీవర్‌ను వేయడం కోర్టు విచక్షణ. అడిగినవాళ్లకు కేసులో గట్టి బలం కనపడాలి. ఆస్తికి తక్షణ ప్రమాదం చూపాలి. వాస్తవంగా స్వాధీనంలో ఉన్నవాణ్ని మామూలుగా కదపకూడదు. అడిగేవాడి నడవడి శుభ్రంగా ఉండాలి, ఏళ్ల తరబడి ఊరుకుని ఇవాళ లేచి రాకూడదు. నా అనుభవంలో ప్రతివాదికి ఎక్కువగా కలిసొచ్చేది నాలుగోదే. కానీ ఆదాయం లెక్కలు చూపించకుండా నాలుగో సూత్రం మాత్రం వల్లిస్తే జడ్జి వినరు. ‘లెక్కలు నెలనెలా దాఖలు చేస్తాను, వాటా సొమ్ము కోర్టులో కడతాను’ అని ముందుకొస్తే చాలా కేసుల్లో రిసీవర్ అవసరమే ఉండదు.

ఉత్తర్వు వచ్చేస్తే ఆర్డర్ 43 రూల్ 1 కింద అప్పీలు ఉంది: జిల్లా కోర్టుకైతే 30 రోజులు, హైకోర్టుకైతే 90 రోజులు. సర్టిఫైడ్ కాపీ కోసం పట్టిన రోజులు ఈ లెక్కలోంచి తీసేస్తారు.

డిక్రీ వారంటు, ఎమ్మార్వో జప్తు: కొంచెం తేడా

అమీనా డెలివరీ వారంటుతో వచ్చి, డిక్రీతో సంబంధం లేని మిమ్మల్ని ఖాళీ చేయించేస్తే ఆర్డర్ 21 రూల్ 99 కింద అదే కోర్టులో దరఖాస్తు వేయాలి. గడువు 30 రోజులే. హక్కుల ప్రశ్నలన్నీ అక్కడే తేల్చాలని, వేరే దావా కుదరదని రూల్ 101 చెబుతుంది. కిరాయిదారు ఉన్న ఆస్తి అయితే రూల్ 36 ప్రకారం వారంటు అంటించి, డప్పు కొట్టించి చాటితే స్వాధీనం ఇచ్చినట్టే. మీ సామాను బయట పడేయనక్కర్లేదు.

పల్లెల్లో ఇంకో దారిలో కూడా భూమి జప్తవుతుంది. రెండు వర్గాలు కొట్టుకునేలా ఉన్నాయని పోలీసులు రిపోర్టు ఇస్తే ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ (ఎక్కువగా ఎమ్మార్వోనే) విచారణ మొదలుపెడతారు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లోని 145, 146 సెక్షన్లు 2024 జులై 1 నుంచి కొత్త నాగరిక్ సురక్షా సంహితలో 164, 165 అయ్యాయి. అక్కడ తేల్చేది హక్కు కాదు, ఆ రోజు నిజంగా ఎవరి స్వాధీనంలో ఉందన్నది మాత్రమే. రిపోర్టుకు ముందు రెండు నెలల్లోపు మిమ్మల్ని బలవంతంగా గెంటేసి ఉంటే, స్వాధీనం మీదే అన్నట్టు లెక్కిస్తారు. కాబట్టి గెంటేసిన తేదీకి రుజువు ముఖ్యం. తర్వాత సివిల్ కోర్టు రిసీవర్‌ను వేస్తే, మేజిస్ట్రేట్ వేసిన రిసీవర్ ఆయనకు అప్పగించి తప్పుకోవాలి.

లెక్కలు అడగండి, ముగింపు రాయించండి

రిసీవర్ జవాబుదారీ లేని మనిషి కాదు. జామీను ఇవ్వాలి, కోర్టు చెప్పిన గడువుల్లో లెక్కలు దాఖలు చేయాలి. కావాలని చేసిన తప్పుకో, ఘోర నిర్లక్ష్యానికో నష్టం వస్తే సొంతంగా కట్టాలి. లెక్కలివ్వకపోతే ఆయన ఆస్తినే జప్తు చేయించే వీలు ఆర్డర్ 40 రూల్ 4లో ఉంది. ఆయన ఫీజు కోర్టు నిర్ణయిస్తుంది, చివరికి అది ఆస్తి ఆదాయంలోంచే పోతుంది కాబట్టి వాటాదారులు లెక్కల వాయిదాకు తప్పక హాజరు కావాలి. అద్దె ఎంత వచ్చిందన్న కాలమ్ కన్నా రిపేర్ల ఖర్చు కాలమ్ జాగ్రత్తగా చూడండి.

దావా ముగిసినంత మాత్రాన రిసీవర్ తనంతట తాను మాయమైపోరు. తీర్పు వచ్చేదాకా అని ఉత్తర్వులో గడువు పెట్టి ఉంటే సరే. లేకపోతే కోర్టు డిశ్చార్జి చేస్తూ ఉత్తర్వు ఇవ్వాలి. అవసరమైతే ఫైనల్ డిక్రీ తర్వాత కూడా కొనసాగించవచ్చని హీరాలాల్ పట్నీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి గెలిచినవాళ్లు డిశ్చార్జి కోసం, స్వాధీనం అప్పగింత కోసం మెమో వేయాలి. అప్పగించేటప్పుడు మళ్లీ పంచనామా రాయించి, మొదటి పంచనామాతో ఒక్కో వస్తువూ సరిచూసుకోండి. మీటరు రీడింగు, కరెంటు బకాయి, ఇంటి పన్ను బకాయి, తాళాల సంఖ్య రాసుకుని, రిసీవర్ చివరి లెక్కలు కోర్టు ఆమోదించాకే ‘అభ్యంతరం లేదు’ అని సంతకం పెట్టండి.